గెట్టు మీది ఆముదాలు

ఆ ఆదివారం పొద్దున నావి కాని పదకొండు ఆముదపు చెట్లను నరికేశాను. నరికిన కొమ్మలను నా చేనులో పడనివ్వకుండా, ఆ చెట్లు ఎవరివో వాళ్ల చేనులోకే విసిరాను. మొదటిది తెలియక చేశానని చాలా రోజులు నాకు నేనే చెప్పుకున్నాను. రెండోదానికి ఏ సాకూ దొరకలేదు.

దేవరకొండ దాటి కల్వకుర్తి వైపు పోయే దారిలో ఉంటుంది మా ఊరు. నందికొండ బడిలో ఏళ్ల తరబడి సైన్సు పాఠాలు చెప్పి, రిటైరయ్యాక ఊరికి తిరిగివచ్చి, బాపు వదిలిపోయిన మూడెకరాల ఎర్రనేలలో యాసంగికి పల్లి వేయడం మొదలుపెట్టాను. చేనుకు తూర్పున గెట్టు ఉంది. గెట్టు అవతల అర ఎకరం ఒకామెది. నాకంటే ఐదారేళ్లు పెద్ద మనిషి. నేను బడికి పోయే వయసులో ఆమె మా చేలల్లో కలుపు తీసేది. ఆ అర ఎకరం అప్పట్లో రాళ్లగుట్ట. సర్కారు ఆమె పేరు మీద పట్టా ఇచ్చాక, ఆమే ఆమె భర్తా రెండు ఎండాకాలాలు రాళ్లు ఏరి గెట్టు పొడవునా పేర్చారు. భర్త పోయాడు, కూతురు పెళ్లయి నల్లగొండలో ఉంటోంది. ఇంటి దగ్గర ఆమె, ఓ పది కోళ్లు.

ఇన్నేళ్లూ ఆ నేలలో వానకు పండిందే పంట. కాలువ నీళ్లు వచ్చి బోర్లు లేచిన తర్వాత, మా బోరు నుంచి రోజు విడిచి రోజు ఆమెకు నీళ్లు వదులుతున్నాను. ఆ ఏడు ఆమె తొలిసారి యాసంగి పల్లి వేసింది. తన పేరు మీద ఉన్న నేలలో, ఎండాకాలం ముందు పచ్చగా కనబడిన మొదటి పంట. పొద్దున్నే వచ్చి గెట్టు మీద నిలబడి కాసేపు ఊరికే చూసేది. చేతిలో పని ఏమీ ఉండేది కాదు. నేను చూస్తున్నానని తెలిస్తే వంగి ఏదో ఒక గడ్డిపోచ పీకేది.

గెట్టు మీద ఆమె వైపు పదకొండు ఆముదపు చెట్లు ఉండేవి. రోజూ వాటి మధ్య తిరుగుతూ, ఆకుల అడుగు తిప్పి చూస్తూ, ఒకటీ అరా తెంపి కాలి కింద వేసి తొక్కేది. వెనకాలే కోళ్లు వచ్చేవి. ఎందుకు తెంపుతోందని నేనెప్పుడూ అడగలేదు. సైన్సు చెప్పినవాణ్ణి అడగడమేమిటి?

డిసెంబరు మొదట్లో ఒక పొద్దున ఆమె సంచీ చంకన పెట్టుకుని మా వాకిట్లోకి వచ్చింది. కూతురికి కాన్పు రోజులు దగ్గర పడ్డాయట.

"సారూ, నల్లగొండ దవాఖానకు పోతున్న. పది దినాలు పట్టొచ్చు. పొద్దుగాల చేనుకు పోతవు గద, జర నా ఆముదాలు కూడ చూడు. ఆకు కింద దూది లెక్క అంటుకొని ఉంటది. ఆ ఆకు తెంపి తొక్కెయ్యి. జల్లెడయిన ఆకు కనబడ్డా తెంపెయ్యి. అంతే పని."

"ఫికర్ చేయకు, పోయిరా" అన్నాను. చేతిలో ఫోన్ ఉంది. ఎవరో పంపిన వీడియో ఒకటి నడుస్తోంది. ఆమె మాట ప్రతి ముక్కా వినబడింది. ఇప్పటికీ పొల్లుపోకుండా చెప్పగలను. విన్నాను గానీ పట్టించుకోలేదు.

పది రోజుల్లో చేనుకు పోని రోజు లేదు. నా స్ప్రింక్లర్లు ఒక చోట నుంచి ఇంకో చోటికి మార్చుకున్నాను. మోటారు ఫ్యూజు కట్టుకున్నాను. ఆమె వంతు నీళ్లు ఆమెకు వదిలాను, దాంతో మాట నిలబెట్టుకున్నట్టే అనిపించింది. గెట్టు ఎక్కి నాలుగు ఆకులు తిప్పి చూడటానికి పట్టేది పావుగంట. ఆ పావుగంట రేపు చూద్దాం అనుకుంటూ పదిసార్లు దాటేశాను.

ఆ రోజుల్లోనే చీకటి పడుతుండగా మా వరండా బల్బు చుట్టూ రెక్కల పురుగులు తిరిగేవి. ముందు రెక్కలు మట్టిరంగు, వాటి మీద తెల్లని వంకర గీతలు. వెనక రెక్కలు తెల్లగా, పలచగా ఉంటాయి. ఒకదాన్ని గ్లాసు కింద పట్టి మా ఆవిడకు చూపించాను. "ఇది పొగాకు లద్దె పురుగు తల్లి. స్పొడాప్టెరా అంటరు. గుడ్లు కుప్పగ పెట్టి, తన ఒంటి నూగే ఊడదీసి వాటి మీద కప్పుతది. పొద్దంత పురుగు మట్టిల దాక్కుంటది, పొద్దుగూకినంక బయటికొచ్చి తింటది" అని బడిలో చెప్పినట్టే చెప్పాను.

మా ఆవిడ మునక్కాయలు కోస్తూ, "మంచిగ చెప్పినవ్. మరి గది ఎవల చేన్ల గుడ్లు పెట్టిందో కూడ చెప్పు" అంది.

నవ్వి గ్లాసు ఎత్తాను. పురుగు ఎగిరిపోయింది. ఆకు కింద దూది అని పక్క చేను ఆమె చెప్పినదీ, ఒంటి నూగు అని నేను చెప్పినదీ ఒకటేనని నా బుర్రకు తట్టలేదు.

పదో రోజు ఆదివారం. పొద్దున చేనుకు పోయేసరికి గెట్టు మీద ఏదో తేడాగా కనిపించింది. పచ్చగా గొడుగుల్లా ఉండే ఆకులు తెల్లబడి ఉన్నాయి. దగ్గరికి పోయి చూస్తే ఈనెలు తప్ప ఏమీ మిగలలేదు, ఆకు గుండా ఆకాశం కనబడుతోంది. అడుగున పురుగులు గుంపులు గుంపులుగా ఉన్నాయి. కొన్ని చిన్నవి, కొన్ని అప్పటికే నా చిటికెన వేలిలో సగమంత. పక్కల మీద నల్లటి మచ్చలు, పసుపు గీతలు. అంత నిశ్శబ్దంలో అవి ఆకును గీకుతున్న చప్పుడు వినబడినట్టు అనిపించింది. నిజంగా వినబడిందో, నా గాబరాయో తెలియదు.

నేను ఆలోచించింది ఒక్కటే. ఇవి దిగితే నా మూడెకరాలు పోతాయి. ఈమె ఈ చెట్లు పెట్టి పురుగును నా చేను పక్కకే పిలిచింది అనుకున్నాను. అవును, అలాగే అనుకున్నాను, ఆమె మీద కోపం కూడా వచ్చింది. మోటారు గది నుంచి గొడ్డలి తెచ్చాను. ఆముదం మెత్తటి కట్టె, రెండు దెబ్బలకు ఒరుగుతుంది. సగం ఎండిన గెలలతో సహా పదకొండు చెట్లూ కొట్టేశాను. నా వైపు ఒరిగినవాటిని లాగి అటు విసిరాను. ఆమెకు ఫోన్ చేయాలన్న ఆలోచనే రాలేదు. నంబరు నా దగ్గర ఉంది.

ఇప్పుడు తలచుకుంటే, మా బాపు కూడా ఆ గెట్టు మీద ఇలాగే నిలబడేవాడు. అవతలి నేల ఇంకొకరిదని కాగితం చెప్పాక కూడా, అందులో రాయి తీసినా కొమ్మ కొట్టినా ఎవరినీ అడిగేవాడు కాదు. నేను చదువుకున్నాను, అలాంటివాణ్ణి కాను అనుకుంటూ బతికాను. కానీ గొడ్డలి పట్టుకున్నప్పుడు నా చేతులు ఆయన చేతుల్లాగే పనిచేశాయి.

ఇంటికి వచ్చి అన్నం ముందు కూర్చున్నాను. మా ఆవిడ నా చొక్కా మీది మరకలు చూసింది.

"ఏంది గా జిగురు?"

"ఆముదం రసం. గెట్టు మీది చెట్లకు పురుగు పట్టింది. కొట్టేసిన."

"మన గెట్టు మీద ఆముదాలు ఎక్కడియి?"

"ఆమెయి."

"ఆమెను అడిగినవా?"

"పురుగు దిగుతాంటె అడుక్కుంట కూసుంటరా?"

"సరే. కొట్టినయి ఎటేసినవ్?"

నేను పప్పు కలుపుకున్నాను. మా ఆవిడ గరిటె అలాగే పట్టుకుని నిలబడింది. "నిన్నే. ఎటేసినవ్?"

కంచం పక్కకు జరిపాను. చేయి కడుక్కుని లేచాను. కాసేపు కుర్చీలో కూర్చుని టీవీ పెట్టి, ఆపేసి, మళ్లీ పెట్టాను. బండి తీసి సగం దూరం పోయి వెనక్కి వచ్చాను. పక్క చేను ఆమె సాయంత్రం బస్సుకు వస్తుందని ఫోన్ వచ్చిందట, మా ఆవిడ వంటింట్లోంచి చెప్పింది. మళ్లీ బండి తీశాను.

చేనుకు చేరేసరికి ఎండ బాగా ఉంది. నరికిన ఆకులు వాడి, చేతిరుమాళ్లలా ముడుచుకుపోయి ఉన్నాయి. ఒక్కో ఆకూ తిప్పి చూశాను. ఖాళీ. ఇంకో కొమ్మ ఎత్తాను, దాని కింద కూడా ఖాళీ. పొద్దున అన్ని వందలు ఉన్నవి ఎక్కడికి పోయాయి? మోకాళ్ల మీద కూర్చుని ఆమె పల్లి చెట్టు మొదట్లో వేలితో మట్టి గీకాను. చుట్టుకుని పడుకున్న పురుగు ఒకటి. పక్క చెట్టు కింద రెండు. మూడో సాలులో, నాలుగో సాలులో, నెర్రెల్లో, మట్టి పెల్లల కింద. నా చేను వైపు వచ్చి గీకాను. ఒక్కటీ లేదు.

పిల్లలకు ఎన్నిసార్లు బోర్డు మీద గీశానో. గుడ్డు, లద్దె పురుగు, కోశం, రెక్కల పురుగు, మధ్యలో గుండ్రంగా బాణాలు. ఆకు వాడిపోతే పురుగు ఆకలితో దిగి నడుస్తుందని ఆ బొమ్మలో ఎక్కడా లేదు. ఆ పదకొండు చెట్లు నిలబడి ఉన్నంతకాలం పురుగు వాటి మీదే ఉండేది. పల్లికంటే దానికి ఆముదపాకే ఇష్టం. అందుకే ఆమె వాటిని అక్కడ పెట్టింది. రోజూ కొన్ని ఆకులు తొక్కి, మా రెండు చేలనూ ఆమె ఒక్కతే కాపాడుతూ వచ్చింది. నేను ఆ విందు చెడగొట్టి, వాటిని తీసుకెళ్లి ఆమె పంటలో కూర్చోబెట్టాను.

పొద్దు వాలేదాకా నేనక్కడే ఉన్నాను. బస్సు దిగి ఆమె ఇంటికి పోలేదు. సంచీతోనే చేనుకు వచ్చింది. దూరం నుంచే గెట్టు బోడిగా కనబడి ఉంటుంది, నడక వేగం పెరిగింది. నేను లేచి నిలబడ్డాను.

"ఎవలు కొట్టిండ్రు?"

"నేనే. పురుగు బాగ పట్టింది. నీ మంచికే..." అన్నాను. ఆ మాట నా నోట్లోంచి వచ్చినప్పుడే నాకు రోత పుట్టింది.

ఆమె సంచీ కింద పెట్టింది. ఒక కొమ్మ ఎత్తి చూసింది. తర్వాత నేను చేసినట్టే పల్లి మొదట్లో గీకింది, కాకపోతే వెతకలేదు, ఎక్కడుంటాయో తెలిసినట్టు ఒకేసారి వేలు పెట్టి రెండు పురుగులు తీసింది. అరచేతిలో పెట్టుకుని చూస్తూ అడిగింది, "నేను పోయినంక ఒక్కనాడన్న చూసినవా?"

"లేదు."

కొట్లాడుతుందనుకున్నాను. కొట్లాడితే బాగుండుననుకున్నాను. ఆమె పురుగులను రాయి మీద నలిపి, చేయి చీరకు తుడుచుకుంది. "సరే తియ్యి పటేలా" అని సంచీ ఎత్తుకుని పోయింది.

ఎప్పుడూ సారూ అనే మనిషి. భూమిగల ఆసాములను పిలిచినట్టు మా బాపును పటేలా అనేది. నన్ను అలా పిలవడం అదే మొదటిసారి.

ఇంటికి వచ్చి మంచం మీద కూర్చున్నా, వాకిట్లో తిరిగినా అదే మాట చెవిలో. ఆమె ఎందుకు తిట్టలేదు? మంచితనం అనుకుందామని చూశాను. మా ఆవిడ ఒక్క ముక్కలో తేల్చింది. "ఎట్ల తిడతది? ఎల్లుండి నీళ్లు ఎవలు ఇడవాలె?"

తెల్లవారి సోమవారం. వెలుగు రాకముందే ఆమె ఇంటి ముందు నిలబడ్డాను. గుమ్మానికి క్రిస్మస్ నక్షత్రం కట్టి ఉంది, లోపల బల్బు ఇంకా వెలుగుతోంది. కాగితం మీద ఒక రెక్కల పురుగు వాలి ఉంది. ఆమె ముంత పట్టుకుని బయటికి వచ్చింది.

"అక్కా" అన్నాను.

"ఓహో, గిప్పుడు అక్కనైతినా?" అంది. కోళ్లకు నూకలు చల్లుతూ నా వైపు చూడలేదు.

"నువ్వు చెప్పినవ్, నేను చెయ్యలే. చెట్లు కొడితె కొట్టిన, కొమ్మలు నీ చేన్ల ఏసిన. నీ మంచికి కాదు, నా చేను బాగుండాలెనని. తప్పు నాదే."

ఆమె ఇంకో పిడికెడు నూకలు చల్లింది.

"ఇంకో మాట. నీళ్లు ఆగయి. నువ్వు నన్ను తిట్టినా, ఊరందరికి చెప్పినా ఆగయి. పైపు తాళం ఇగో, నీ దగ్గరనే పెట్టుకో. నీ వంతు నాడు నువ్వే ఇడుసుకో."

ఆమె తాళం వైపు చూసింది. "నిజంగ ఆగయా?"

"ఆగయి."

"ఒట్టు?"

"ఒట్టు."

తాళం తీసుకుని కొంగున ముడివేసుకుంది. ముంత గడప మీద పెట్టింది. ఆ తర్వాత తిట్టింది. ఎంతసేపు తిట్టిందో చెప్పలేను. నాతో మొదలుపెట్టి, మా బాపు దగ్గరికి పోయి, నా చదువు, నా జీతం, నా పింఛను, నా ఫోన్, ఏదీ వదల్లేదు. "పురుగు పేరు ఇంగ్లీషుల చెప్పొస్తది, దాని గుడ్డు కండ్ల ముంగట ఉంటె కనబడది! గీ సదువుకా నిన్ను పట్నం పంపింది మీ బాపు? నీ దగ్గర సదివిన పోరగాండ్లు ఏమైపోయిండ్రో, నా తండ్రీ, ఆల్లను దేవుడే సూడాలె!" పక్క ఇంటి వాళ్లు బయటికి వచ్చి నిలబడ్డారు. నేను తల వంచుకుని విన్నాను. చివరికి ఊపిరి అందక ఆగి, "చాయ్ తాగుతవా?" అంది.

"తాగుత" అన్నాను.

చాయ్ తాగుతుండగా పని చెప్పింది. మందు వద్దంది. పురుగు ముదిరింది, మందుకు చావదు, పైగా కోళ్లు తిరుగుతాయి. తవుడు బెల్లం కలిపిన విషపు ఉండలు వద్దంది, అదే కారణం. "వాటికి ఏం తీపో గదే పెట్టాలె. ఆముదపాకు. మాపటికి చేన్ల కుప్పలు కుప్పలు పెడితె తిననీకొచ్చి దాని కిందనే పండుకుంటయి. తెల్లారి ఎత్తి ఏరాలె. కానీ ఆకు ఎక్కడిది? ఉన్నయి నువ్వు కొట్టేస్తివి."

ఆకు తేవడం నా పని అయింది. బండి వెనక గోనె సంచీ కట్టుకుని నాలుగు ఊళ్లు తిరిగాను. ఆముదపు చేను కనబడిన చోటల్లా ఆగి, ఆ రైతును అడగాలి. అడిగితే ఎందుకని అడుగుతారు.

"సారూ, ఆకెందుకు? మోకాళ్లకు కడతవా?" అన్నాడు ఒకాయన.

ఔనని అనేస్తే సరిపోయేది. నోటిదాకా వచ్చింది. మింగి, జరిగింది చెప్పాను. ఆయన బీడీ తీసి పడేసి, "కొట్టి అటే ఏసినవా!" అని పెద్దగా నవ్వాడు. వాళ్ల ఆవిడను పిలిచి ఆమెకు కూడా నాతోనే చెప్పించాడు. రెండో ఊళ్లో నేను రాకముందే కథ చేరింది. "కొట్టి అటేసిన సారు వచ్చిండు" అన్నారు. సంచీ నిండా మాత్రం కోసి ఇచ్చారు.

సాయంత్రాలు ఆకు కుప్పలు పెట్టేవాళ్లం. పురుగు ఉన్న సాళ్లకూ మిగతా చేనుకూ మధ్య జానెడు లోతు కాలువ తవ్వాను, అందులో పడితే పైకి పాకలేకుండా. తెల్లవారగానే ఇద్దరం వంగి కుప్పలు ఎత్తి, సబ్బునీళ్ల బకెట్లోకి ఏరేవాళ్లం. కోళ్లు వాటి వంతు అవి తినేవి. మొదటి మూడు రోజులు ఎంత ఏరినా తగ్గలేదు. నడుము పట్టేసేది. ఇంటికి వచ్చి పడుకుంటే కళ్లు మూసినా ఆకులు కదులుతున్నట్టే ఉండేది, లేచి మళ్లీ బండి తీసేవాణ్ణి. ఆమె చూసి, "మల్ల వచ్చినవా? పొద్దంత అవి మట్టిల ఉంటయి సారూ, నువ్వు కూడ జర పండుకో" అంది. సారూ అంది. నేను గమనించానని ఆమెకు తెలియనివ్వలేదు.

తొమ్మిది రోజులు ఏరాం. గెట్టు పక్క ఆరు సాళ్లు మోడులే మిగిలాయి. మిగతా చేను నిలబడింది. ఫాల్గుణంలో ఆమె పల్లి పీకిన రోజు నేనూ మా ఆవిడా కూలికి వచ్చినవాళ్లతో పాటే వంగి పీకాం. ఆ బోడి ఆరు సాళ్ల దగ్గరికి వచ్చినప్పుడు ఆమె ఆగలేదు, దాటుకుంటూ పోయింది. నేను అక్కడ నిలబడిపోయాను. "ఏం చూస్తవ్, రా" అని ముందు నుంచి పిలిచింది.

వాన పడగానే గెట్టుకు నా వైపు నేనే ఆముదం పెట్టాను, ఇరవై చెట్లు. ఆమె తన వైపు మళ్లీ పెట్టుకుంది. ఇప్పుడు పొద్దున్నే ఇద్దరమూ ఆకులు తిప్పుతాం.

ఈ యాసంగిలో ఆమె మనవరాలి పుట్టినరోజుకు నల్లగొండ పోయింది. పోయే ముందు మా వాకిట్లోకి వచ్చింది. నేను ఎదురుగానే కుర్చీలో ఉన్నాను. నా పక్క నుంచి వంటింటి దాకా పోయి, మా ఆవిడతో చెప్పింది. "చెల్లె, నాలుగు దినాలల్ల వస్త. ఆముదాలు జర సారుతోని చూపియ్యి."

చూడు అనలేదు. చూపియ్యి అంది. ఆమెను అనడానికి ఏముంది?

మా ఆవిడ తెల్లవారి బకెట్ తెచ్చి నా ముందు పెట్టింది. ఫోన్ ఇంట్లోనే పెట్టి పోయాను. ఆమె చెట్లు ముందు చూసి, తర్వాత నావి చూశాను. ఆకు అడుగున లేత గోధుమరంగు నూగు కనబడిన ప్రతిదీ తెంపి తొక్కాను. ఇంటికి వచ్చేసరికి ఆమె నల్లగొండ నుంచి ఫోన్ చేసి మా ఆవిడను అడుగుతోంది.

"ఎన్ని ఆకులు దొరికినయంట?"

మా ఆవిడ నా వైపు చూసింది. "ఏడు" అన్నాను. ఏడు అని చెప్పి పెట్టేసింది.

చాయ్ గ్లాసు చేతిలోకి తీసుకున్నాను. చివరి చెట్టు కింది కొమ్మ తిప్పి చూశానా లేదా? గ్లాసు అరుగు మీద పెట్టి మళ్లీ చేనుకు పోయాను. ఎనిమిదోది దొరికింది.